ఖదీజా బావికి సిద్దిపేట వైద్యం

ఫోను మూడోసారి మోగినా జానీ పాషా ఎత్తలేదు. తెర మీద ఎవరున్నారో చూశాడు, ఫోనును మంచం మీద బోర్లా పడేశాడు, ఏమీ జరగనట్టు చాయ్ ఊదుకోసాగాడు. బర్రెలకు గడ్డి వేస్తున్న హబీబున్నీసా ఇదంతా గమనించింది. పదకొండేళ్లు ఫోనులోనే కాపురం చేసిన మనిషి ఆమె. మొగుడు ఫోను ఎత్తకపోతే అందులో ఏదో మతలబు ఉందని ఆమెకు ఒకరు చెప్పాల్సిన పనిలేదు.

"ఎవరది?"

"కంపెనీ వాళ్లు."

"మీ కంపెనీ ఆకుపచ్చ దుపట్టా కప్పుకుంటదా?"

చెయ్యి కడుక్కుని, మళ్లీ మోగిన వీడియో కాల్‌ను తనే ఎత్తింది. అవతల అరవై దాటిన ఒక ఆడమనిషి, ఆమె వెనక పెద్ద పెద్ద ఆకుల చెట్టు, తెల్లటి ఇసుక నేల. ఆమె సలామును సగంలో వదిలేసి, చేతిలోని కప్పును కెమెరాకు చూపించి, అందులోని టీని ఇసుకలో ఒంపేసింది.

"నువ్వు జానీ భార్యవేనా? నీ భర్త నా బావిని చంపేశాడు, బెహెన్."

ఆమె ఖదీజా. జానీ పాషా పనిచేసే దీవిలో అతనికి గది కిరాయికి ఇచ్చిన ఇంటామె. ఆమెది టీవీ సీరియళ్లు నేర్పిన హిందీ, హబీబున్నీసాది సిద్దిపేట దక్కనీ. మామూలు మాటలకు ఇద్దరూ కాస్త తడుముకోవాల్సి వచ్చింది గానీ నిష్ఠూరాలకు ఏ ఇబ్బందీ లేకపోయింది.

ఆ దీవి మాల్దీవుల్లో ఒక చుక్క. దాని పేరు హబీబున్నీసాకు నోరు తిరగదు, అందుకని "మీ ఇసుక గడ్డ" అంటుంది. ఈ ఒడ్డున బిడ్డను పిలిస్తే ఆ ఒడ్డున వాళ్ల బిడ్డ పలుకుతుందని జానీ పాషా చెప్పేవాడు. అక్కడ కట్టడాల కాంట్రాక్టరు దగ్గర పైపులు, మోటార్లు చూడటం అతని పని. దానికి ముందు దుబాయి, దుబాయికి ముందు సిద్దిపేటలో బోరు బండి.

అసలు గొడవంతా ఆ బోరు బండి దగ్గరే ఉంది. ఈ ఏడు వానలు మొదలైన రోజుల్లో అలలు లేచి, రోడ్డు దాటి, ఖదీజా వాడలో ఇళ్ల వెనక తోటల్లోకి వచ్చాయి. తన చిన్నప్పుడు అలా ఎప్పుడో ఒకసారి వచ్చేవని, ఇప్పుడు ఏటా పండగకు వచ్చే చుట్టాల్లాగా వస్తున్నాయని ఖదీజా అంటుంది. సముద్రం వెనక్కి పోయాక ఆమె బావి నీళ్లు కొంచెం ఉప్పగా తగిలాయి. ఆ బావి లోతు చూసి జానీ పాషాకు నవ్వొచ్చింది. మనిషి దిగి నిలబడితే తల బయటే ఉంటుంది. సిద్దిపేట దిక్కు అంత గుంతను చెత్త వేయడానికి తవ్వుకుంటారు. పైగా ఖదీజా పొడుగాటి కర్రకు చిన్న డబ్బా కట్టి, దాన్ని వంచి, పైపైన నీళ్లు ముంచి తీసేది. బకెట్టు నిండటానికి ఆమెకు ఒక పూట పట్టేలా ఉందని అతనికి జాలేసింది.

"ఆపా, నీళ్లు పాడైతే మా దిక్కు ఇంకా లోపలికి పోతం. మంచినీళ్లు ఎప్పుడూ కిందనే ఉంటయి," అని ఆ పెద్దక్కకు ధైర్యం చెప్పాడు.

సిద్దిపేటలో ఆ మాటకు తిరుగులేదు. రెండు వందల అడుగుల్లో ఎండితే నాలుగు వందలకు, నాలుగు వందల్లో ఎండితే ఏడు వందలకు పోవాలన్నది ఆ నేల ఒక తరమంతా నేర్చుకున్న చదువు. జానీ పాషా ఆ చదువును సముద్రం మధ్యకు మోసుకెళ్లాడు. సెలవు రోజున కూలి తీసుకోకుండా, పుణ్యానికి, ఖదీజా బావిని మరో నిలువు లోతు తవ్వి, అడుగున పైపు దించి, చిన్న మోటారు బిగించాడు. నీళ్లు దండిగా వచ్చాయి. పక్కిళ్ల వాళ్లు కూడా బకెట్లు తెచ్చి నింపుకున్నారు. అందరూ అతన్ని దీవించారు. అతను సెలవు మీద విమానం ఎక్కాక ఉప్పు పైకొచ్చింది.

దీవులు మునిగిపోతాయని లోకమంతా బాధపడుతుంటుంది. బాధపడటానికి అది అనువైన బొమ్మే: నీలి సముద్రం, దాని మధ్య మెడలోతు నీళ్లలో ఒక కొబ్బరిచెట్టు. కానీ ఒక ఊరు ఖాళీ కావడానికి సముద్రం చెట్టంత ఎత్తు రానక్కరలేదు. టీ కప్పులోకి వస్తే చాలు.

ఖదీజా ఊళ్లో ఇప్పటికే చాలా ఇళ్లకు తాళాలు పడ్డాయి. చిన్న దీవుల జనాన్ని పెద్ద దీవులకు మార్చేస్తే మేలన్న మాట ఎప్పటినుంచో నడుస్తోంది. రాజధానిలో ఉన్న కూతురు తన గదిలోకి వచ్చెయ్యమని పోరుతోంది. అయినా ఆమె కదలకపోవడానికి కారణం ఆ బావి. ఇంటి కప్పు మీద నుంచి తొట్లలోకి పట్టిన వాన నీళ్లు ఎండాకాలంలో అడుగంటితే, ఆ వాడ మొత్తానికి ఖదీజా బావే దిక్కు.

"డిసెంబరు దాటితే ఇక్కడ వానలుండవు. అప్పటికి బావి బాగుపడకపోతే నేను సామాను సర్దుకోవాలి. నా కూతురి గదికి కిటికీ లేదు," అని ఖదీజా ఫోను పెట్టేసింది.

హబీబున్నీసా మొగుడి వైపు తిరిగింది. "ముసలామె బావి ఖరాబు చేసొచ్చి ఈడ చాయ్ ఊదుకుంటున్నవా?"

"మంచికే చేసిన హబీబా."

"మంచికి చేసినోడు ఫోను ఎత్తుతడు."

ఈ సెలవును చివరి సెలవు చేయాలని ఆమె పట్టుబట్టి ఉంది. గజ్వేల్‌లో బోరు బండ్లు నడిపే ఎల్లన్న జానీ పాషాకు పాత గురువు. ఆమె స్వయంగా అతని ఇంటికి వెళ్లి, మొగుడికి సూపర్వైజరు పని మాట్లాడి వచ్చింది. దసరా దాటగానే చేరాలి. పొద్దున పోయి రాత్రికి ఇంటికి వచ్చే మొగుడు ఎలా ఉంటాడో ఒకసారి చూడాలని ఆమెకు కోరిక. కాబట్టి ఖదీజా బావి సంగతిని ఫోనులోనే తేల్చేసి చేతులు దులుపుకోవాలనుకుంది.

మర్నాడు పాలకు వచ్చిన పెంటవ్వ ముందు ఈ సంగతి కదిపింది. గల్లీలో అందరికంటే పెద్దది పెంటవ్వ. ఆమె దగ్గర ప్రతి రోగానికీ మందు ఉంటుంది, ప్రతి మందుకూ ఒక కథ ఉంటుంది.

"మన బావిల పిల్లి వడి సచ్చిననాడు ఏం జేసినం హబీబమ్మా? అడుగు కనవడేదాక తోడి వారవోసినం. కొత్త ఊట రాలేదా? కొబ్బరినీళ్ల లెక్క ఉండె."

హబీబున్నీసాకు అది సబబుగా తోచింది. విరిగిన పాలను గిన్నెలో ఉంచుకుని ఏడ్చేవాళ్లుంటారా? పారబోసి, గిన్నె తోమి, కొత్త పాలు పోస్తారు. ఫోను చేసి ఖదీజాకు ఖచ్చితంగా చెప్పింది: మోటారు పెట్టి ఉన్న నీళ్లన్నీ తోడెయ్యండి, ఖాళీ చేయండి, మళ్లీ నిండితే మళ్లీ తోడండి, తియ్యటి నీళ్లు వచ్చేదాకా ఆపొద్దు. ఖదీజా ఆ వరసంతా ఒకసారి తిరిగి అప్పజెప్పింది. తరవాత సరేనంది.

వారం గడిచింది. ఈసారి ఫోను హబీబున్నీసాకే నేరుగా వచ్చింది.

"ఇప్పుడు సబ్బు నురగ కూడా రావడం లేదు. చెట్టు ఆకులు అంచుల్లో మాడుతున్నాయి. మీ ఊరి వైద్యం అయిపోయిందా బెహెన్, ఇంకా ఏమైనా మిగిలిందా?"

ఆ పూట పాలు పోస్తుంటే హబీబున్నీసాకు కొలత తప్పింది. పెంటవ్వ గిన్నెలో బాగా ఎక్కువ పడ్డాయి, పెంటవ్వ కిక్కురుమనలేదు. నిన్నటిదాకా తప్పు మొగుడిది. ఇవాళ అందులో సగం తనది. తిట్టే హక్కు సగానికి తగ్గినందుకు ఆమెకు కోపం రెండింతలయింది.

కూతురు హీబా డిగ్రీ చదువుతోంది. వాళ్ల కాలేజీలో ఏదో పర్యావరణ దినం; ఆ పిల్ల అట్ట మీద భూగోళం వేసి, దానికి కళ్లు పెట్టి, కళ్లనుంచి నీలం కన్నీళ్లు కారుస్తోంది.

"ఏంది, భూమి ఏడుస్తున్నదా?"

"అవునమ్మీ. ఫస్ట్ ప్రైజు దీనికే వస్తదని అందరంటున్నరు."

"ఏడ్వనియ్యి. ఏడుస్తే నీళ్లు తియ్యగైతయా? ఆ దీవులల్ల నీళ్లు ఎట్ల ఉంటయో ఆ ఫోనుల చూసి చెప్పు."

హీబా రంగు చేతుల్తోనే వెతికింది. కొంచెం చదివింది, కనుబొమ్మలు ముడిచింది, మళ్లీ చదివింది. "అమ్మీ, ఆడ కింద ఊటలు ఉండవంట. వాన పడితే ఆ నీళ్లే ఇసుకలకు ఇంకుతయంట. ఇసుక కింద అంతా సముద్రమే. ఈ వాన నీళ్లు ఆ ఉప్పునీళ్ల మీద తేలుతుంటయంట, పొర లెక్క."

"నీళ్ల మీద నీళ్లు తేలుడేంది?" అన్నాడు జానీ పాషా. "చదువుకున్నోళ్లు ఏదన్నా రాస్తరు."

హబీబున్నీసా కూతురినీ నమ్మలేదు, మొగుడినీ నమ్మలేదు. గాజు గ్లాసు తెచ్చి, సగందాకా నీళ్లు పోసి, పిడికెడు ఉప్పు వేసి కరిగించి, గుర్తుకు చిటికెడు పసుపు కలిపింది. దాని మీద చెంచా ఆనించి, మామూలు నీళ్లను బొట్టుబొట్టుగా జార్చింది. కింద పసుపు, పైన తెలుపు. గీత గీసినట్టు రెండూ విడివిడిగా నిలిచాయి. ముగ్గురూ వంగి చూశారు. జానీ పాషా కూల్‌డ్రింకు సీసాలోంచి స్ట్రా తీసి, గ్లాసు అడుగుదాకా దించి, పీల్చాడు. మొహం వంకర పోయింది.

"గదే నువ్వు ఆమెకు పెట్టిచ్చిన మోటారు," అంది హబీబున్నీసా. "ఇంక పీల్చు, గ్లాసు ఖాళీ అయ్యేదాక పీల్చు. గది నేను చెప్పిన వైద్యం."

అతను ఇంకోసారి పీల్చలేదు. స్ట్రా తీసేశాడు. ఆ కుదుపుకు పసుపు పైకి లేచి గ్లాసంతా కలిసిపోయింది.

కలిసిపోయినదాన్ని విడదీసేదెలా? అది హబీబున్నీసాను నిద్రలో కూడా వదల్లేదు. తెల్లారి పాలు కాచింది. పిడకల సెగ మీద కాగి చల్లారిన పాల మీద మీగడ కట్టి ఉంది. రోజూ చేసే పనే: గంటెను పక్కకు వంచి, అంచు నుంచి మెల్లగా మీగడ లాగడం. సగంలో ఆగిపోయింది.

"హీబా అబ్బా, ఇటు రా," అని మొగుణ్ని పిలిచింది. " ఆమె బావిల నుంచి నీళ్లు ఎట్ల తీస్తదని చెప్పినవు?"

"కర్రకు డబ్బా కట్టి, గిట్ల వంచి, పైపైన..." అని చెయ్యి వంచి చూపిస్తున్నవాడు, ఆమె చేతిలో గంటెను చూసి మాట మింగేశాడు.

"నవ్వినవు గదా ఆ కర్రను చూసి," అంది ఆమె. "మీగడ కావాల్నంటే గిన్నెలకు మోచెయ్యిదాక ముంచుతమా?"

ఆ తరవాత ఇద్దరూ వాకిట్లో కూర్చుని చాలాసేపు వాదించుకున్నారు. మీగడ చెదిరిన పాలను ఏం చేస్తావని అతను అడిగాడు. కదపకుండా వదిలేస్తానంది. వదిలేస్తే బావికి మీగడ ఎక్కడినుంచి వస్తుందన్నాడు. వానలోంచి అంది. అయితే ముందు తను తవ్విన లోతంతా పూడ్చేయాలి. మోటారు పీకేయాలి. కప్పు మీద పడిన వానను తొట్టి నిండాక రోడ్డు మీదకు పోనివ్వకుండా బావి పక్క ఇసుకలోకి మళ్లించాలి. తరవాత ఎవరూ చెయ్యి పెట్టకూడదు. ఇంత వయసులో తను నేర్చిన పనంతా తిరగేసి చేయాల్సి వస్తోందని జానీ పాషాకు అర్థమైంది. అయినా పైపు ఎక్కడ తిప్పాలో నేల మీద పుల్లతో గీయడం మొదలుపెట్టాడు.

ఖదీజా మాత్రం ఫోనులో వైద్యం ఇక ఒప్పుకోలేదు.

"రెండుసార్లు మీ మాట విన్నాను. మూడోసారి వినను. నా బావిలో ఇంకెవరూ చెయ్యి పెట్టరు. తవ్వినవాడు వచ్చి పూడ్చాలి. లేదంటే బావిని ఉప్పునీళ్లతోనే వదిలేసి నా ఇంటికి తాళం వేసుకుంటాను."

హబీబున్నీసా గోడ మీది క్యాలెండరు తీసి చూసింది. జానీ పాషా వీసా డిసెంబరుదాకా ఉంది. ఎల్లన్న పని సోమవారం మొదలవుతుంది. వానలు ఎవరి కోసమూ ఆగవు.

ఎల్లన్న ఆదివారం బండి మీద వచ్చాడు. విషయం విని, కుర్చీలో వెనక్కి వాలి, కడుపు కదిలేలా నవ్వాడు.

"బాయిలు తవ్వనీకె దేశాలు దాటినోళ్లను చూసిన. పూడ్వనీకె పోయేటోన్ని నిన్నే చూస్తున్నరా పాషా. నేను నీకు గిదేనా నేర్పింది?"

"తవ్వుడు నువ్వే నేర్పినవు అన్నా," అంది హబీబున్నీసా. "ఆపుడు నేర్పలే."

"చెల్లె, మాటలు మంచిగనే ఉన్నయి. నా బండి ఆగదు. జాగ ఖాళీ పెట్టి కూసోలేను."

"పెట్టకు."

ఎల్లన్న నవ్వడం మానేశాడు. ఇదే ఆడమనిషి తన ఇంటికి వచ్చి, ఈ పని కోసం తన భార్యతో కూడా చెప్పించింది. ఆమె మొహం చూసి, చాయ్ తాగి లేచాడు. వాకిలి దాటుతూ, "పూడ్చుడు అయినంక ఫోను చెయ్యిరా. అప్పటికి ఏదన్నా ఉంటే చూద్దం," అన్నాడు.

అతను వెళ్లాక జానీ పాషా అన్నాడు: "పదకొండేండ్లు రా రా అన్నవు. వచ్చినంక పొమ్మంటున్నవు."

"నాకు మాత్రం సంబురమా?" ఆమె ప్రయాణం సంచిని ముందుకు లాక్కుని అతని చొక్కాలు మడవసాగింది. "మనకు బోరు ఎండితే నల్లా ఉన్నది, నల్లా ఆగితే ట్యాంకరు ఉన్నది, ఏదీ లేకపోతే ఇంకో ఊరున్నది. ఆమెకు ఆ గడ్డ దాటితే కిటికీ లేని అర్ర. పో. పూడ్చి రా. మళ్ల ఆడ ఎవరన్నా బతిమాలినా సరే, ఏదీ తవ్వకు."

సంచిలో ఖదీజా కోసం నెయ్యి డబ్బా పెట్టింది. పాత బస్టాండులో హైదరాబాద్ బస్సు ఎక్కించి, బస్సు కదలకముందే వెనక్కి తిరిగింది. బర్రెల పాలు పిండే వేళయింది.

ఆ తరవాత కథ ఆమెకు ఫోనులోనే జరిగింది. రోజూ సాయంత్రం ఆమె బర్రెల దగ్గర ఫోనును కట్టుగూటానికి ఆనించి పెట్టుకునేది. జానీ పాషా తెల్లటి ఇసుకను గంపలతో తెచ్చి, సముద్రపు ఉప్పు పోయేదాకా తొట్టిలోని వాన నీళ్లతో కడిగి, బావిలోకి దించేవాడు. ఖదీజా చిన్న ముక్కాలి పీట వేసుకుని పక్కనే కూర్చునేది. గంపను ముక్కు దగ్గర పెట్టుకుని, చిటికెడు ఇసుక నాలుకకు రాసుకుని, కొన్నింటిని తిప్పి పంపేది.

"జైలరు లెక్క కూసుంటున్నది," అని అతను గొంతు తగ్గించి చెప్పుకున్నాడు.

"ఆమె జాగల నేనుంటే పీట మీద కూసోను. నీ నెత్తిమీద కూసుంట," అంది హబీబున్నీసా.

అప్పుడే ఇంకో సంగతి బయటపడింది. మొదట్లో నీళ్లు దండిగా రావడం చూసి, ఆ వాడలో మరో రెండు ఇళ్లవాళ్లు కూడా బావులు లోతు చేయించుకోవాలని మోటార్లు తెప్పించి పెట్టుకున్నారు. ఒకాయన అప్పటికే సగం తవ్వేశాడు. జానీ పాషా వాళ్ల వాకిళ్లకు వెళ్లి గాజు గ్లాసులో పసుపు నీళ్ల ఆట ఆడి చూపించాడు. ఒకాయన మోటారును తిప్పి పంపాడు. సగం తవ్వినాయన మాత్రం వాదించాడు, అలిగాడు, చివరికి తన భార్య పోరు పడలేక గుంతను పూడ్చమన్నాడు. దాంతో జానీ పాషాకు పూడ్చే బావులు రెండయ్యాయి.

పూడ్చడం పూర్తయింది. వాన రాలేదు. మబ్బు పట్టేది, సముద్రం మీదే కురిసి పోయేది. ఎల్లన్న ఆ సూపర్వైజరు పనిలో ఇంకొకరిని పెట్టుకున్నాడని గజ్వేల్ నుంచి కబురు వచ్చింది. హబీబున్నీసా విని, సరేనని, పాల క్యాను ఎత్తుకుంది. ఆ రోజు సాయంత్రం ఫోనులో ఆ సంగతి చెప్పలేదు. మబ్బు ఏ దిక్కున ఉందో మాత్రమే అడిగింది.

నవంబరు సగంలో వాన పట్టుకుంది. పగలూ రాత్రీ తేడా లేకుండా, ఫోనులో మాట వినబడనంతగా కొట్టింది. కప్పు మీద నుంచి పైపులో దిగిన నీళ్లు బావి పక్క ఇసుకలో బుడగలు లేపుతూ ఇంకుతుంటే, జానీ పాషా తడిసిపోతూ ఫోనును దాని మీద వంచి పట్టుకున్నాడు. సిద్దిపేటలో హబీబున్నీసా, హీబా, పెంటవ్వ ఒకే తెర మీదకు వంగి చూశారు. పెంటవ్వకు ఏమీ కనబడలేదు గానీ, "మంచిగ ఇంకుతున్నది," అంది.

వాన వెలిశాక కూడా బావిని ముట్టుకోవద్దని హబీబున్నీసా గట్టిగా చెప్పింది. ఖదీజా ఈసారి ఆ మాట వింది. నెలాఖరులో ఒక పొద్దున ఫోను మోగింది. తెర మీద ఆకుపచ్చ దుపట్టా. ఖదీజా పొడుగాటి కర్రను బావిలోకి వంచి, డబ్బాను నీళ్ల మీద పడుకోబెట్టినట్టు పెట్టి, పైపొరను మాత్రం తీసింది. అదే నీళ్లతో టీ పెట్టింది. కప్పు నోటికెత్తింది. హబీబున్నీసా చేతిలో గంటె అలాగే ఉండిపోయింది.

"ఉప్పుంది," అంది ఖదీజా.

హబీబున్నీసా గంటెను గిన్నె అంచున ఆనించింది.

"కొంచెమే. చక్కెర ఎక్కువ వేస్తే తెలియదు." ఆమె ఇంకో గుక్క తాగింది. "మొదట సముద్రం వచ్చినప్పుడు ఎంతుందో, అంతుంది. గది వద్దని నా కూతురికి చెప్పాను. ఈ ఎండాకాలం ఇక్కడే."

"రోజూ పొద్దున ఒక కప్పు తాగి నాకు చెప్పు ఆపా. మేము పాలోళ్లం, రుచి చూడంది నమ్మం."

"రోజూ నన్ను ఉప్పు టీ తాగమంటావా?"

"ఇయ్యాలటికన్న రేపు తక్కువుంటది."

"మళ్లీ అలలు వస్తాయి బెహెన్. వచ్చే ఏడు తప్పకుండా వస్తాయి."

"రానియ్యి. వచ్చినంక పోతయి గదా. పోయినంక మళ్ల కదపకుండ కూసుందం. ఈసారికి మనకు కూసునుడు తెలిసింది."

ఖదీజా కప్పు ఖాళీ చేసింది. ఒక్క చుక్క కూడా ఇసుకలో ఒంపలేదు. ఆమె వెనక, చెట్టు కింద, జానీ పాషా మోటారును ప్లాస్టిక్ సంచిలో చుట్టి తాడు బిగిస్తూ కనిపించాడు.

"ఇది కొత్తదే ఉన్నది హబీబా. ఏం చెయ్యాలె?" అని అక్కడినుంచే అరిచాడు.

"ఏమన్న చేసుకో," అంది ఆమె, మళ్లీ మీగడ మీదకు గంటె వంచుతూ. "ఇంటికైతే తేకు."